కలం పట్టి, ఆపై రంగు పూసుకుని



గొల్లపూడి మారుతీరావు అనగానే మీలో చాలామందికి మెత్తగా నవ్వుతూ, తీయగా మాట్లాడుతూ పచ్చని సంసారంలో నిప్పు పెట్టే మనిషి గుర్తుకొస్తాడు. ఆ ముఖం తెర మీద మనకు పరిచయమయ్యేనాటికి ఆయన వయసు నలభై మూడేళ్లు. అప్పటికి పద్దెనిమిదేళ్ల కిందటే ఆయన సినిమాలకు రాయడం మొదలుపెట్టారు. ఆ రెండు వృత్తులకూ ఉన్న సంబంధం ఏమిటో ఈవేళ చెప్పుకుందాం.

ఆయన 1939 ఏప్రిల్ 14న విజయనగరంలో జన్మించారు. 1959లో ఆంధ్రప్రభ దినపత్రికలో ఉపసంపాదకులుగా చేరారు. ఆ పత్రిక చిత్తూరులో ప్రచురణ ప్రారంభించినప్పుడు అక్కడ పనిచేశారు. మన బేతమంగళలో పొద్దున్నే బస్సెక్కితే మధ్యాహ్నం భోజనాల వేళకు చేరుకోగల ఊరే అది. తరువాత ఆకాశవాణిలో చేరి హైదరాబాదు, విజయవాడ, సంబల్పూరు, కడప కేంద్రాలలో సుమారు రెండు దశాబ్దాలు పనిచేశారు.

రేడియోలో వేషం ఉండదు, వెలుతురు ఉండదు. కోపమైనా కపటమైనా గొంతులోనే వినిపించాలి. ఏ మాట నొక్కాలి, ఎక్కడ ఒక్క క్షణం ఆగాలి అన్నది అక్కడ బతుకుతెరువు విద్య. ఆ విద్య ఊరికే పోలేదు.

1964లో వచ్చిన 'డాక్టర్ చక్రవర్తి'తో ఆయన సినీ రచన మొదలైంది. కోడూరి కౌసల్యాదేవి నవల 'చక్రభ్రమణం' దానికి ఆధారం. నవలలో పాత్ర మనసులోని మథనాన్ని పేజీలకొద్దీ రాయవచ్చు. సినిమాలో దాన్ని ఒక చూపుగానో, ఒక సంఘటనగానో మార్చాలి. స్క్రీన్‌ప్లే అంటే అదే. నంది పురస్కారాలు మొదలైన ఆ సంవత్సరమే ఉత్తమ చిత్రంగా ఆ సినిమా ఎంపికైంది. కె. విశ్వనాథ్ తొలిసారి దర్శకత్వం వహించిన 'ఆత్మగౌరవం' రచనలోనూ మారుతీరావుగారి చేయి ఉంది.

1981లో ఆయన సర్కారు ఉద్యోగం వదులుకున్నారు. మరుసటి ఏడాది కోడి రామకృష్ణ తొలి చిత్రం 'ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య'లో సుబ్బారావుగా కనిపించారు. చిరంజీవి కథానాయకుడైనా, స్నేహం నటిస్తూ కాపురంలో దూరే ఆ సుబ్బారావును జనం మరిచిపోలేదు. అరవకుండానే భయపెట్టడం ఆయనకు గొంతు నేర్పిన విద్య.

మన గనుల ఊళ్లో తమిళం మాట్లాడే ఇరుగుపొరుగును అడిగితే విసు పేరు చెబుతారు. 1986లో 'సంసారం అదు మిన్సారం' కథ రాసి, దర్శకత్వం వహించి, తండ్రి పాత్ర వేసింది ఆయనే. మరుసటి సంవత్సరం తెలుగులో 'సంసారం ఒక చదరంగం' వచ్చినప్పుడు ఆ తండ్రి పాత్ర మారుతీరావుగారికి దక్కింది. రచయిత తన కోసం రాసుకున్న పాత్రను మరో రచయిత మోశాడు.

బయటి జీవితం మాత్రం ఆయనను కఠినంగానే పరీక్షించింది. కుమారుడు శ్రీనివాస్ తొలిసారి దర్శకత్వం వహిస్తున్న 'ప్రేమ పుస్తకం' షూటింగులో, 1992 ఆగస్టు 12న, విశాఖ సముద్రంలో ప్రాణాలు కోల్పోయాడు. తండ్రి ఆ సినిమాను పూర్తిచేసి 1993లో విడుదల చేయించారు. అందులో కథానాయకుడు అప్పటికి కొత్తవాడైన అజిత్. ఆ తరువాత కొడుకు పేరిట, ఏ భారతీయ భాషలోనైనా తొలి సినిమా తీసిన దర్శకునికి ఏటా పురస్కారం ఇచ్చే ఏర్పాటు జరిగింది. 'తారే జమీన్ పర్' తీసిన ఆమిర్ ఖాన్ కూడా దాన్ని అందుకున్నారు. తన బిడ్డకు దక్కని రెండో అడుగు ఇతరుల బిడ్డలకైనా దక్కాలన్న తపన అది. 2019 డిసెంబరు 12న మారుతీరావుగారు చెన్నైలో కన్నుమూశారు.

శ్రోతలారా, 2001 ఫిబ్రవరి 28న బంగారు గనులు మూతపడినప్పుడు నలభై దాటిన వారెందరో "ఈ వయసులో కొత్త పని ఏం నేర్చుకుంటాం?" అన్నారు. అందరికీ సినిమా పిలుపు రాదు, నిజమే. అయితే పాత పనిలో చేతికి పట్టిన ఒడుపు, చెవికి పట్టిన మెళకువ కొత్త పనిలోకీ మనతోపాటే వస్తాయి. మీ ఇంట్లో పని మారవలసి వచ్చిన వారుంటే ముందుగా అడగండి: ఇన్నాళ్లలో నీకు బాగా వచ్చిందేమిటి? కొత్త దారి అక్కడే మొదలవుతుంది.

సెలవు.