గార్డెన్ రీచ్: నది మలచిన పేట



ఒక ఊరి చరిత్ర తెలుసుకోవాలంటే ముందుగా ఆ ఊరి నేలను, నీటిని గమనించాలి. కోల్‌కతా నగరానికి నైరుతి దిక్కున, హుగ్లీ నది తూర్పు ఒడ్డున ఉన్న గార్డెన్ రీచ్ ప్రాంతం ఇందుకు మంచి ఉదాహరణ. 'రీచ్' అంటే రెండు వంపుల నడుమ నది తిన్నగా సాగే భాగం. పద్దెనిమిదో శతాబ్దంలో ఆంగ్లేయులు ఇక్కడ తోటలతో కూడిన భవనాలు కట్టుకున్నారు. అలా ఈ పేరు వచ్చింది.

1856లో ఈస్టిండియా కంపెనీ అవధ్ రాజ్యాన్ని కలుపుకొంది. రాజ్యం పోయిన నవాబు వాజిద్ అలీ షా ఆ ఏడాదే కలకత్తా చేరి, ఇక్కడి మటియాబుర్జ్‌లో నివసించి, 1887లో మరణించారు. ఆయన వెంట లక్నో సంగీతం, కథక్ నృత్యం, వంటకాలు కూడా ఈ ఒడ్డుకు చేరాయి.

ఇదే ఒడ్డున మరికొందరు ఓడల కోసం ఎదురుచూశారు. వారు ఒప్పంద కూలీలు. సాధారణంగా ఐదేళ్ల ఒప్పందంపై వారిని మారిషస్, ట్రినిడాడ్, సురినామ్, ఫిజీ దేశాల చెరకు తోటలకు పంపేవారు. 1834లో మొదలైన ఈ పద్ధతి 1917లో ఆగిపోయింది. వెళ్లినవారిలో ఎందరో తిరిగి రాలేదు.

ఇక రేవు సంగతి చూద్దాం. ఆటుపోట్ల వల్ల హుగ్లీ నీటిమట్టం రోజూ పెరుగుతుంది, తగ్గుతుంది. అందుకే ఒడ్డున పెద్ద కొలను తవ్వి, తలుపులతో నీటిని నిలిపి, అందులో ఓడలను ఉంచుతారు. అదే డాక్. ఖిదిర్‌పూర్ డాక్ 1892లో, గార్డెన్ రీచ్‌లోని కింగ్ జార్జ్ డాక్ 1920ల చివర్లో మొదలయ్యాయి. రెండోదే నేటి నేతాజీ సుభాష్ డాక్. ఆగ్నేయ రైల్వే ప్రధాన కార్యాలయం కూడా గార్డెన్ రీచ్‌లోనే ఉంది. 2003 వరకు మన వాల్తేరు డివిజన్ ఆ రైల్వేలోనే ఉండేది.

అయితే నది తెచ్చే ఒండ్రు నదినే పూడ్చివేస్తుంది. లోతు తగ్గితే పెద్ద ఓడలు రాలేవు. ఓడలు రాకపోతే కూలీకి పని ఉండదు. అందుకే గంగ నీటిని హుగ్లీకి మళ్లించడానికి ఫరక్కా బ్యారేజీ కట్టారు. అది 1975లో పని మొదలుపెట్టింది. సముద్రానికి దగ్గరగా హల్దియాలో 1977లో కొత్త డాక్ ప్రారంభమైంది. అయినా హుగ్లీలో పూడికతీత తప్పడం లేదు.

మన గోదావరి పాయ ఒడ్డున ఉన్న కోరంగి కూడా ఒకప్పుడు పేరున్న రేవే. 1839 నాటి తుపాను, ఒండ్రు దాని వైభవాన్ని తుడిచిపెట్టాయి. రాజుల వల్ల, కంపెనీల వల్ల ఊళ్లు పెరగవచ్చు. కానీ రేవు ఊరి ఆయుష్షు నీటి లోతులో ఉంటుంది. మీ ఊరు ఏ నీటిని నమ్ముకొని వెలసిందో, ఆ నీరు ఈనాడు ఎలా ఉందో మీరూ తెలుసుకోండి.