యుద్ధం పుస్తకాల్లో వాడ లెక్క ఏది?

(అంబేద్కర్ జయంతి సందర్భంగా బయ్యారంలో జరిగిన సభలో ఒక ఉపాధ్యాయ కార్యకర్త చేసిన ప్రసంగ పాఠం)

 

విదేశాంగ విధానం, యుద్ధం, దేశ భద్రత మీద వచ్చిన పుస్తకాల గురించి మాట్లాడతామనగానే కొందరు నవ్విండ్రు. "కూలి రేటు గురించి చెప్పు సారూ, పోడు పట్టాల గురించి చెప్పు. మిలిట్రీ పుస్తకాలు మనకెందుకు?" అన్నరు. సబబైన ప్రశ్నే. దానికి జవాబు చెప్పకుండా ముందుకు పోలేము.

తెల్లారకముందే మన రోడ్ల మీద ఉరికే పిల్లలు ఎవరు? మిలిట్రీ సెలక్షన్ కోసం ఉరికే మన పిల్లలే. యుద్ధమొస్తే ముందు పోయేది వాళ్లే. ఎక్కడో సముద్రం అవతల యుద్ధం మొదలైతే ఇక్కడ డీజిల్ ధర పెరుగుతది, దాని వెంట ట్రాక్టర్ కిరాయి పెరుగుతది. ఇక 1948లో అయితే సైన్యం నేరుగా మన ఊళ్లకే వచ్చింది. యుద్ధం మన గడపలోకి వస్తుంటే, యుద్ధం గురించిన పుస్తకం మాత్రం మన గడప తొక్కకూడదా?

అంబేద్కర్‌ను కూడా మనకు రిజర్వేషన్ల దగ్గర, రాజ్యాంగం దగ్గర ఆపేసి చూపించారు. సరిహద్దుల గురించి, సైన్యం గురించి, చైనా గురించి ఆయన రాసింది, మాట్లాడింది మన దాకా రానియ్యలేదు. కులం గురించి మాట్లాడటం మీ పని, దేశం గురించి మాట్లాడటం మా పని అని పెద్ద కులాల మేధావులు పంచుకున్నారు. ఈ పంపకం మాకు ఒప్పుకోలు కాదు.

ముందు మన దగ్గర జరిగిన ముచ్చటే తీసుకుందాం. పోలీసు యాక్షన్ మీద పేరున్న పుస్తకాలు ఎవరు రాశారు? ఢిల్లీలో రాష్ట్రాల శాఖ కార్యదర్శిగా ఉన్న వి.పి. మీనన్ 1956లో రాశారు. హైదరాబాద్‌లో భారత ప్రభుత్వ ఏజెంట్ జనరల్‌గా ఉన్న కె.ఎం. మున్షీ 1957లో రాశారు. నిజాం ఆఖరి ప్రధానమంత్రి మీర్ లాయక్ అలీ పాకిస్తాన్ పోయి 1962లో రాశారు. నిజాం సేనాధిపతి ఎల్ ఎద్రూస్ జ్ఞాపకాలు 1994లో అచ్చయ్యాయి. ఇటువాళ్లు ఇద్దరు, అటువాళ్లు ఇద్దరు. నలుగురూ కుర్చీల మీద కూర్చున్నవాళ్లే. ఏ ఉత్తరం ఎవరు రాశారు, ఏ విందులో ఎవరు ఏమన్నారు అనేది ఈ పుస్తకాల్లో వివరంగా దొరుకుతది. వెట్టి చేసిన మాల మాదిగల ఇంట్లో ఆ నెల ఏం జరిగిందనేది మాత్రం దొరకదు.

పేరు చూడండి. 1948 సెప్టెంబరు 13న భారత సైన్యం ట్యాంకులతో, విమానాలతో వచ్చింది. 17న నిజాం లొంగిపోయాడు. సైన్యానికి మేజర్ జనరల్ జె.ఎన్. చౌధురి నాయకుడు. సైన్యం లోపల పెట్టుకున్న పేరు ఆపరేషన్ పోలో. బయటికి పెట్టిన పేరు 'పోలీసు చర్య'. ఎందుకంటే అప్పటికే ఆగస్టులో నిజాం సర్కారు ఐక్యరాజ్యసమితి భద్రతా మండలికి ఫిర్యాదు చేసింది. యుద్ధం అంటే రెండు దేశాల తగాదా అయితది, లోకమంతా తీర్పు చెప్పవస్తది. పోలీసు చర్య అంటే ఇంటి వ్యవహారం అయితది. చూసిండ్రా, ఒక మాటలో ఎంత విదేశాంగ విధానం ఉన్నదో!

రజాకార్లు ఊళ్లు తగలబెట్టారు, మనుషులను చంపారు. అందుకే సైన్యం వస్తే జనం సంతోషపడ్డ మాట నిజం. ఆ తర్వాత ఏమైంది? ప్రధాని నెహ్రూ పంపిన పండిట్ సుందర్‌లాల్ బృందం 1948 చివర్లో జిల్లాలు తిరిగింది. పోలీసు చర్య రోజుల్లో, ఆ వెంటనే సంస్థానమంతటా 27 వేల నుంచి 40 వేల మంది దాకా చనిపోయి ఉంటారని అంచనా వేసింది. వాళ్లలో ఎక్కువమంది ముస్లిములు. ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాల్లో ఘోరం ఎక్కువ జరిగింది. ఆ నివేదికను సర్కారు దశాబ్దాల పాటు బయట పెట్టలేదు.

మన దిక్కు సంగతి వేరు. రజాకార్ల పని అయిపోయినా సైన్యం పోలేదు. ఊరు విడిచి పారిపోయిన దొరలు సైన్యం వెనక తిరిగొచ్చారు. పేదలు దున్నుకుంటున్న భూములు మళ్లీ గుంజుకున్నారు. 1951 అక్టోబరులో సాయుధ పోరాటం విరమించే దాకా ఈ వేట సాగింది. గోదావరి అడవుల్లో కోయ గూడేలను లేపి జనాన్ని క్యాంపుల్లో పెట్టిన సంగతి పుచ్చలపల్లి సుందరయ్య 1972లో తెచ్చిన పుస్తకంలో ఉన్నది. ఆ ఒక్క పుస్తకం నాలుగు కుర్చీల పుస్తకాల కంటే మనకు దగ్గర. అయినా అందులో కూడా మాలవాడ, మాదిగవాడ వేరుగా కనబడవు. 'పేద రైతులు, కూలీలు' అనే మాటలో కలిసిపోయినయి.

మరి ఆ వ్యవహారంలో మనోళ్లు లేరా? ఉన్నరు. భద్రతా మండలి ముందు వాదించడానికి నిజాం సర్కారు మొయిన్ నవాజ్ జంగ్ నాయకత్వంలో పంపిన బృందంలో బి. శ్యాంసుందర్ ఉన్నాడు. హైదరాబాద్ దళిత నాయకుడు, తర్వాత 1968లో భీమ్ సేన పెట్టినవాడు. బి.ఎస్. వెంకట్రావు లాయక్ అలీ మంత్రివర్గంలో మంత్రి. ఇటు చూస్తే అంబేద్కర్ 1947 నవంబరులోనే ప్రకటన ఇచ్చాడు. హైదరాబాద్ అంటరానివాళ్లు నిజాం పక్షాన చేరవద్దని గట్టిగా చెప్పాడు. అంటే సంస్థానం ఎవరి చేతికి పోవాలనే విషయం మీద దళితుల్లో రెండు వాదనలు నడిచాయి. ఆ తగాదాలో మేము అంబేద్కర్ మాటనే సరైనదంటాం. దొరల ఊళ్లను కాపాడిన నిజాం గద్దె మనల్ని కాపాడలేదు. అయినా రెండు పక్షాల వాళ్లూ అడిగిన ప్రశ్న ఒక్కటే: రాజ్యం మారితే అంటరానివాడికి ఏం దక్కుతది? కుర్చీల పుస్తకాల్లో లేనిది సరిగ్గా ఈ ప్రశ్నే.

ఇప్పుడు అంబేద్కర్ పుస్తకం చూద్దాం. 1940లో పాకిస్తాన్ సమస్య మీద ఆయన పెద్ద పుస్తకం రాశాడు. అందరూ ఆవేశపడుతుంటే ఆయన లెక్కలు ముందేసుకున్నాడు. సరిహద్దు ఎట్లున్నది, ఆదాయం ఎంత, సైన్యంలోకి ఏ ప్రాంతం నుంచి, ఏ మతం నుంచి ఎంతమంది వచ్చారు, ఏ ఏడు ఎంత మారింది అని పట్టికలు వేశాడు. చట్టసభలో సభ్యులు ఈ లెక్కలు అడిగితే సర్కారు చెప్పనన్న సంగతి కూడా రాశాడు. యుద్ధ జాతులు, యుద్ధానికి పనికిరాని జాతులు అనే ఇంగ్లీషోళ్ల విభజన ఉత్త కల్పన అని తేల్చాడు.

ఆ కల్పన దెబ్బ ఆయన ఇంటికే తగిలింది. తండ్రి రాంజీ సైన్యంలో సుబేదార్. అంబేద్కర్ పుట్టింది మహూ కంటోన్మెంట్‌లో. ఆయన పుట్టిన మరుసటేడు, 1892లో, మహార్లను సైన్యంలో చేర్చుకోవడం ఆపేశారు. మన తెలుగోళ్లకూ అదే జరిగింది. ఒకప్పుడు ఉత్తరాదిలో సిపాయి అంటేనే 'తిలంగా' అనేవాళ్లు. మొదట్లో కంపెనీ వెంట పోయిన సిపాయిలు తెలుగు నేల వాళ్లు కాబట్టి ఆ పేరొచ్చింది. అట్లాంటి వాళ్లను కూడా పందొమ్మిదో శతాబ్దం చివరకు పనికిరానోళ్ల కింద జమ కట్టారు. 1941లో మహార్ రెజిమెంట్ ఏర్పడటం వెనక అంబేద్కర్ ఒత్తిడి ఉన్నది. కాబట్టి ఆయన సైన్యం వద్దన్నవాడు కాదు. సైన్యం ఎవరిది, ఎవరి కోసం, ఎంత ఖర్చుతో అని అడిగినవాడు.

1951లో మంత్రి పదవికి రాజీనామా ఇచ్చాడు. హిందూ కోడ్ బిల్లు కోసమే అని మనకు తెలుసు. ఆ అక్టోబరు 10 నాటి ప్రకటనలో ఇంకో కారణం విదేశాంగ విధానం. దేశం ఆదాయం 350 కోట్లు, అందులో సైన్యానికి 180 కోట్లు పోతున్నదని లెక్క చెప్పాడు. అంటే వంద రూపాయల్లో యాభై ఒకటి. మిత్రులను దూరం చేసుకుంటే ఆపదలో ఎవరూ రారు, అంతా మనమే మోయాలి, అందుకే ఈ ఖర్చు అన్నాడు. మిగిలిన నలభై తొమ్మిదిలోనే బడి, దవాఖాన, బాయి, బాట. విదేశాంగ విధానాన్ని ఇంత తేటగా చెప్పినవాడు ఇంకొకడు లేడు.

అదే ప్రకటనలో ఇంకో మాట ఉన్నది. మంత్రివర్గంలో విదేశీ వ్యవహారాల కమిటీలో గానీ, రక్షణ కమిటీలో గానీ తనను వేయలేదని చెప్పాడు. లెక్క అడిగేవాణ్ని లెక్క పుస్తకం దగ్గరికి రానియ్యలేదు. 1954 ఆగస్టు 26న రాజ్యసభలో మళ్లీ మాట్లాడాడు. టిబెట్ మీద చైనా పెత్తనం ఒప్పుకొని, పంచశీలను నమ్ముకొని కూర్చోవడం తప్పని హెచ్చరించాడు. ఎనిమిదేళ్లకు యుద్ధం వచ్చింది. అప్పటికి ఆయన లేడు. ఆ ఓటమి మీద సైన్యం వాళ్లే రాసిన హెండర్సన్ బ్రూక్స్ నివేదికను సర్కారు ఇప్పటికీ ప్రచురించలేదు.

ఇక నేటి మాట. 2020 జూన్ 15న గల్వాన్‌లో 20 మంది సైనికులు చనిపోయారు. వాళ్లలో మన సూర్యాపేట కల్నల్ సంతోష్ బాబు ఉన్నాడు. రెండేళ్లకు, 2022 జూన్‌లో, అగ్నిపథ్ ప్రకటించారు. నౌకరి నాలుగేళ్లు. మొదటి ఏడు జీతం 30 వేలు, చేతికొచ్చేది 21 వేలు. నాలుగేళ్ల తర్వాత నూటికి 25 మంది దాకా ఉంచుకుంటారు. మిగతావాళ్లకు 11 లక్షల 71 వేల దాకా ఇచ్చి పంపుతారు. పెన్షన్ లేదు. జూన్ 17న సికింద్రాబాద్ స్టేషన్‌లో యువకులు తిరగబడితే పోలీసు కాల్పుల్లో వరంగల్ జిల్లా పిల్లగాడు చనిపోయాడు. దేశం కోసం ప్రాణమిస్తానని తయారైన పిల్లగాడు దేశం లోపలే, రైలు స్టేషన్‌లో తూటాకు పోయాడు. భద్రత మీద రాసే పెద్దలు సైన్యం ఖర్చు తగ్గాలా, ఆయుధాలకు డబ్బు మిగలాలా అని పేజీలు నింపుతారు. ఇరవై రెండేళ్లకు ఇంటికొచ్చినోడు ఏ పని చేయాలో ఎవరు రాయాలె?

అందుకే ఇట్లాంటి పుస్తకం చేతికొస్తే నాలుగు ప్రశ్నలు అడగమంటున్నాం. రాసినోడు ఏ కుర్చీ మీద కూర్చొని రాశాడు? జరిగినదానికి ఏ పేరు పెట్టాడు, ఆ పేరు వల్ల ఎవరికి లాభం? ఖర్చు ఎవరి తట్టలోంచి పోయింది? చచ్చినోళ్ల లెక్కలో మన వాడ, మన తండా, మన గూడెం ఉన్నయా? ఈ ప్రశ్నలకు డిగ్రీ అక్కర లేదు. మేస్త్రీ కూలి లెక్క చెపితే మీరు అడిగే ప్రశ్నలే ఇవి.

మన కాళ్ల కింద ఇనుప రాయి ఉన్నది. 2014 విభజన చట్టంలో ఉక్కు ఫ్యాక్టరీ సాధ్యమా అని ఆరు నెలల్లో పరిశీలించాలని రాశారు. ఫ్యాక్టరీ ఇంతవరకు రాలేదు. తుపాకీకి, ట్యాంకుకు కావలసిన ఇనుము దేశ బలం కింద లెక్కకొస్తది, ఆ ఇనుము మీద బతికే మనుషులు రారు.

చివరిగా ఒక పని అప్పజెప్పుతున్నాం. 1948లో పదేళ్ల పిల్లలుగా ఉన్నవాళ్లు ఇప్పుడు తొంభైకి దగ్గర పడ్డారు. కొద్దిమందే మిగిలారు. యూనియన్ మిలిట్రీ వచ్చిన నాడు ఏం చూశారు, ఏం తిన్నారు, ఎవరు ఊరు విడిచారు, భూమి ఎవరి చేతి నుంచి ఎవరి చేతికి పోయింది అని అడగండి. చదువుకునే పిల్లలు ఒక్కో నోటుబుక్కు పట్టుకొని అవ్వ దగ్గర, తాత దగ్గర కూర్చోండి. చెప్పింది చెప్పినట్టు, వాళ్ల మాటల్లోనే రాయండి. ఊరు పేరు, వాడ పేరు తప్పకుండా వేయండి. చెప్పినవాళ్లు ఒప్పుకుంటేనే వాళ్ల పేరు రాయండి. వచ్చే సభకు ఆ నోటుబుక్కులు పట్టుకరండి, అందరి ముందు చదువుదాం.

మీనన్ రాశాడు, మున్షీ రాశాడు, లాయక్ అలీ రాశాడు. ఇక రాయాల్సింది వాడ.

జై భీం.