సౌమ్య ఆట, మా పిల్లల మాట



మమ్మల్ని క్రీడల గురించి మాట్లాడమన్నారు. మేము ఆటగాళ్లం కాము. నెల్లూరు తీరాన యానాది ఆడపిల్లల హాస్టల్ చూసుకునేవాళ్లం. అందుకే ఒక గిరిజన ఆటగత్తె గురించి, ఆమె ఆట మా వరండాలోకి వచ్చిన తీరు గురించి చెబుతాం.

గుగులోతు సౌమ్య నిజామాబాద్ జిల్లా తండాలో లంబాడీ ఇంట పుట్టిన అమ్మాయి. మొదట పరుగు పందేల పిల్ల. ఆ కాళ్ల వేగమే ఫుట్‌బాల్‌కు పనికొచ్చింది. గోకులం కేరళ జట్టుకు ఆడింది. 2022లో క్రొయేషియాలోని డైనమో జాగ్రెబ్ క్లబ్బు ఆమెను, మధ్యప్రదేశ్ అమ్మాయి జ్యోతి చౌహాన్‌ను తీసుకుంది. తర్వాత ఈస్ట్ బెంగాల్ జట్టులో చేరింది. 2024-25లో ఆ జట్టు ఇండియన్ ఉమెన్స్ లీగ్ గెలిచింది. ఆ ఏడాది దేశంలో ఉత్తమ మహిళా క్రీడాకారిణిగా ఫుట్‌బాల్ సమాఖ్య సౌమ్యనే ఎంపిక చేసింది.

ఇదంతా బోర్డు మీద రాసి చెబితే మా పిల్లలు చప్పట్లు కొట్టి ఊరుకున్నారు. ఒక రాత్రి ఆమె ఆడిన మ్యాచ్ సెల్‌ఫోన్‌లో పెట్టాం. వ్యాఖ్యానం ఇంగ్లీషులో ఉంది. కాసేపటికే ఆవులింతలు. క్రికెట్‌కైతే ఎమ్మెస్కే ప్రసాద్, వేణుగోపాలరావు లాంటి ఆడినవాళ్లే మైకు పట్టి తెలుగులో చెప్పారు. బంతి ఎందుకు అటు పోయిందో ఆడినవాళ్ల నోట వింటే వేరు. మా పిల్లలకు ఫుట్‌బాల్ అలా చెప్పేవాళ్లు ఎవరు? ఫోన్ సౌండ్ తీసేశాం.

అప్పుడు ఎనిమిదో తరగతి పిల్ల ఒకతె మొదలుపెట్టింది. తరగతిలో నోరు విప్పని పిల్ల. తన యాస విని ఎవరో నవ్వారని అప్పటి నుంచి మౌనం. సాయంత్రాలు మా ఇసుక నేలలో బంతి తన్నేది మాత్రం ఆమే ఎక్కువ. "అదిగో, ఎండ్రకాయ మాదిరి పక్కకు పోతా ఉండాది... వల యాడుందో చూసుకునింది... తన్నింది!" అరవై మంది పిల్లలు లేచి నిలబడ్డారు. వంటమనిషి గరిటె పట్టుకునే వచ్చేసింది. ఆ రాత్రి స్టడీ అవర్ జరగలేదు, ఆ తప్పు మాదే.

సంక్రాంతికి ఇంటికెళ్లిన ఆ పిల్ల తిరిగి రాలేదు. వెళ్లి చూస్తే రొయ్యల గుంటల కాడ తమ్ముణ్ణి ఎత్తుకుని ఉంది. "చిన్నోడిని ఎవురు చూసుకుంటారు మేడమ్?" అంది వాళ్లమ్మ. ఆమె అడిగినదాంట్లో తప్పేం లేదు. ఇద్దరూ కూలికి పోతేనే ఇల్లు గడిచేది. బిడ్డను అంగన్‌వాడీలో చేర్పించే పని మేము పెట్టుకున్నాం. దానికి మూడుసార్లు తిరగాల్సి వచ్చింది. పదకొండో రోజున పిల్ల సంచీతో దిగింది. పుస్తకాల సంగతి అడగలేదు, మ్యాచ్ ఎప్పుడని అడిగింది.

ఇప్పుడు ఆదివారాలు సగం మంది ఆడతారు, తక్కినవాళ్లు వంతులవారీగా చెబుతారు. చెప్పేదానికి మైకు లేక నీళ్ల చెంబు పట్టుకుంటున్నారు. ఉన్న ఒక్క బంతికీ సర్కారు తుమ్మ ముల్లు దిగి రెండు వారాలైంది. సంఘం పెద్దలు ఇక్కడే ఉన్నారు కాబట్టి అడుగుతున్నాం: ఒక మైకు, రెండు బంతులు ఇప్పించండి.