లివర్‌పూల్‌కు ఒకరోజు రైలు ప్రయాణం

(డిసెంబరు 17, పెన్షనర్ల దినోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



విదేశీ యాత్రానుభవాలు చెప్పమని కార్యదర్శిగారు నన్ను ఆజ్ఞాపించారు. లండన్ వంతెన, రాణిగారి కోట మీరు టీవీలో చూసే ఉంటారు. వాటి జోలికి పోను. 2024 జూన్‌లో మాంచెస్టర్‌లో మా అబ్బాయి దగ్గర ఉన్నప్పుడు, మనవడిని వెంటబెట్టుకుని ఒకరోజు రైల్లో లివర్‌పూల్ వెళ్లి సాయంత్రానికి తిరిగివచ్చాను. వాడికి ఫుట్‌బాల్ చూపించాలని, నాకు పాటల చోటు చూడాలని బయలుదేరాం. ఆ రెండూ చూశాం. వాటితోపాటు ఒక ఫైలు కథ కూడా తెలిసింది. ముప్పైఆరేళ్లు గుమాస్తాగిరీ చేసినవాడిని కనుక దాని దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగుతాను. ఓపిక పట్టండి.

మా మనవడికి పద్నాలుగేళ్లు. మాంచెస్టర్‌లో చదువుకుంటూ లివర్‌పూల్ జట్టుకు అభిమాని. అక్కడ అది గుంటూరులో కూర్చుని గోంగూర పనికిరాదన్నంత నేరం. "తాతయ్యా, మా స్కూలువాళ్లు కనిపిస్తే ఎక్కడికి వెళుతున్నామో చెప్పకు" అని ముందే మాట తీసుకున్నాడు.

మాంచెస్టర్ విక్టోరియా స్టేషన్‌లో ఎక్కితే లివర్‌పూల్ లైమ్ స్ట్రీట్ స్టేషన్ ముప్పావుగంట దూరం కూడా లేదు. సుమారు 50 కిలోమీటర్లు, మన విజయవాడ–ఏలూరు కంటే తక్కువే. అరవై దాటినవారికి అక్కడ ఒక కార్డు అమ్ముతారు. అది కొనుక్కుంటే టికెట్టులో మూడోవంతు తగ్గుతుంది. మన దగ్గర ఉండిన రాయితీ 2020 మార్చిలో ఆగిపోయిన సంగతి ఈ సభలో ఎవరికీ గుర్తు చేయనక్కరలేదు.

ఆ దారి సామాన్యమైనది కాదు. రెండు నగరాలను కలిపిన మొదటి ఆవిరి రైలు మార్గం అదేనంటారు. 1830 సెప్టెంబరు 15న ప్రారంభమైంది. బొంబాయి–ఠాణా మధ్య మన మొదటి ప్రయాణికుల రైలు నడిచింది 1853లో. మధ్యలో చాట్ మాస్ అనే పెద్ద బురదనేల ఉంది. ఎంత మట్టి పోసినా మింగేస్తుంటే, జార్జ్ స్టీవెన్‌సన్ అనే ఇంజనీరు తడకలు, పొదల కట్టలు పరిచి వాటిమీద పట్టాలు వేయించాడు. దాని మీదుగానే నేటికీ రైళ్లు పోతున్నాయి. ప్రారంభోత్సవం రోజే హస్కిసన్ అనే లివర్‌పూల్ పార్లమెంటు సభ్యుడు, ప్రధానమంత్రితో మాట్లాడదామని బండి దిగి, పక్క లైనులో వస్తున్న 'రాకెట్' ఇంజను కిందపడి ఆ రాత్రే మరణించాడు. ఇదంతా నేను చెబుతుంటే మనవడు చెవిలో పాటలు పెట్టుకుని కిటికీలోంచి చూస్తున్నాడు. చాట్ మాస్ ఎప్పుడు దాటిపోయిందో ఇద్దరమూ గమనించలేదు.

లైమ్ స్ట్రీట్‌లో దిగి నడిచి వెళ్లగలిగిన దూరంలోనే మాథ్యూ స్ట్రీట్ అనే సందు, అందులో కావెర్న్ క్లబ్. పాత గిడ్డంగి కింది నేలమాళిగలో 1957లో తెరిచారు. బీటిల్స్ బృందంవారు 1961 నుంచి 1963 వరకు అక్కడ 292 సార్లు పాడారని లెక్క. నన్ను ఆకట్టుకున్నది వేరే సంగతి. ఆ రోజుల్లో అక్కడ మధ్యాహ్నం భోజన విరామంలో కూడా పాట కచేరీలు జరిగేవి. వచ్చేదెవరు? చుట్టుపక్కల ఆఫీసుల గుమాస్తాలు, టైపిస్టులు. ఇంత సూపు, ఇంత బ్రెడ్డు తిని, పాటలు విని, మళ్లీ సీట్లలోకి చేరేవారు. సారా, బీరు ఉండేవి కావు. పగలు ఆఫీసులో టైపు చేస్తూ ఈ క్లబ్బులో కోట్లు భద్రపరిచే పని చేసిన సిల్లా బ్లాక్ అనే అమ్మాయి తర్వాత దేశమంతా ఎరిగిన గాయని అయింది. బీటిల్స్‌ను పైకి తెచ్చిన బ్రయాన్ ఎప్‌స్టీన్ వారిని మొదట చూసింది కూడా ఒక మధ్యాహ్న కచేరీలోనే, 1961 నవంబరు 9న. మన ఆఫీసుల్లో భోజన విరామానికి క్యారమ్ బోర్డే గొప్ప!

అంత పేరున్న ఆ నేలమాళిగను 1973లో మూసి, పూడ్చేశారు. కారణం రైలే. భూగర్భ రైలుమార్గానికి గాలి గొట్టం దించాలన్నారు. తీరా ఆ గొట్టం అక్కడ దించనేలేదు. 1984లో అదే స్థలంలో చాలాభాగం కలిసివచ్చేలా, పాత ఇటుకలు చాలావరకు వాడి మళ్లీ కట్టారు. మెట్లు ఎక్కువ, మోకాళ్ల నొప్పులవారు జాగ్రత్త.

బీటిల్స్ పెరిగిన ఇళ్లు ఊరికి కాస్త దూరం. వాటికి మరో రోజు కావాలి కనుక మేం వెళ్లలేదు. వాళ్లు మనవంటి ఇళ్ల పిల్లలే. జార్జ్ హారిసన్ తండ్రి బస్సు డ్రైవరు. పాల్ మెకార్ట్నీ తండ్రి పత్తి వ్యాపార సంస్థలో గుమాస్తా తరహా ఉద్యోగి, ఉండేది మునిసిపాలిటీవారి ఇంట్లో. అరవైనాలుగేళ్ల వయసు వచ్చాక కూడా నన్ను చూసుకుంటావా అని భార్యను అడిగే ధోరణిలో ఒక పాట ఉంది. దానికి మెకార్ట్నీ బాణీ కట్టింది పదహారేళ్ల ప్రాయంలోనట. ఆయనకు అరవైనాలుగు నిండింది 2006లో.

పాటకూ బంతాటకూ ఆ ఊళ్లో సంబంధం కలిపిన పాట ఇంకొకటుంది. 'యూ విల్ నెవర్ వాక్ అలోన్'. 1945లో అమెరికాలో ఆడిన 'కరోసెల్' అనే సంగీత నాటకంలోనిది. భర్తను పోగొట్టుకున్న అమ్మాయిని ఓదారుస్తూ పాడతారు. కావెర్న్‌లో పాడిన కుర్రాళ్లలోనే ఒకడైన జెరీ మార్స్‌డెన్ తన బృందంతో 1963లో దాన్ని రికార్డు ఇచ్చాడు. ఆ రోజుల్లో మైదానంలో ఆటకు ముందు అమ్మకాల్లో ముందున్న పాటలు మైకులో వేసేవారు. ఈ పాట ఆ జాబితా నుంచి దిగిపోయాక కూడా జనం మైకుతో పనిలేకుండా పాడుతూనే ఉన్నారు. నేటికీ ప్రతి ఆటకూ ముందు పాడతారు.

బస్సెక్కి ఆన్‌ఫీల్డ్ చేరాం. సుమారు 61 వేలమంది పట్టే మైదానం. దీని పుట్టుక అద్దె తగాదా అంటే నమ్ముతారా? ఎవర్టన్ అనే జట్టు 1884 నుంచి ఇక్కడ ఆడేది. స్థలం యజమాని హౌల్డింగ్‌కూ జట్టుకూ అద్దె దగ్గర పేచీ వచ్చింది. 1892లో ఎవర్టన్‌వారు ఖాళీ చేసి, పార్కు అవతల గుడిసన్ పార్కుకు పోయారు. ఖాళీ మైదానం ఊరికే ఉంచడమెందుకని హౌల్డింగ్ లివర్‌పూల్ జట్టును పెట్టాడు. ఒక చివరి గ్యాలరీని 'కాప్' అంటారు. 1900 జనవరిలో దక్షిణాఫ్రికాలో స్పియన్ కాప్ అనే కొండమీద యుద్ధంలో చనిపోయిన సైనికుల జ్ఞాపకంగా ఆ పేరు వచ్చింది. ఆ యుద్ధంలో గాయపడినవారిని డోలీల మీద మోసినవారిలో గాంధీగారు ఉన్నారు. ఆయన కూడగట్టిన దళంలో దాదాపు 1,100 మంది భారతీయులు, ఎక్కువమంది ఒప్పంద కూలీలు. నేటాల్‌కు అలా వెళ్లిన కూలీల్లో మన తెలుగు జిల్లాలవారూ ఉన్నారు. ఈ మాట చెప్పగానే మనవడు చెవిలో పాటలు తీసేశాడు.

వాడికి ఇంకోమాట కూడా చెప్పాను. సయ్యద్ అబ్దుల్ రహీమ్ అనే హైదరాబాదు పంతులుగారు శిక్షణ ఇచ్చిన భారత జట్టు 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచిందని, 1962 జకార్తా ఆసియా క్రీడల్లో స్వర్ణం గెలిచిందని. సికింద్రాబాదు అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరాం ఆ రెంటిలోనూ ఆడాడు. వాడు వినలేదట. వాడి తప్పేముంది, ఇక్కడివాళ్లే విన్లేదు.

ఇక అసలు విషయం. మైదానం గోడకు ఒక స్మారక ఫలకం, దాని దగ్గర ఆరని దీపం. మీద 97 పేర్లు.

1989 ఏప్రిల్ 15న షెఫీల్డ్ నగరంలోని హిల్స్‌బరో మైదానంలో లివర్‌పూల్‌కు, నాటింగ్‌హామ్ ఫారెస్ట్‌కు పోటీ. బయట జనం కిక్కిరిసిపోతుంటే పోలీసు అధికారి ఒక పెద్ద గేటు తెరిపించాడు. జనం సొరంగం లాంటి దారిగుండా అప్పటికే నిండిన మధ్య గదుల్లోకి వెళ్లారు. ముందు ఇనుప కంచె. ఊపిరాడక నలిగిపోయారు. ఆట ఆరో నిమిషంలో ఆగిపోయింది. మృతుల్లో చిన్నవాడికి పదేళ్లు, పెద్దాయనకు 67. ఆనాటి గాయాలతో మంచాన పడి చివరివాడు పోయింది 2021లో.

అభిమానులే గేటు విరగ్గొట్టుకుని వచ్చారని మొదటి గంటలోనే మాట పుట్టింది. అబద్ధం. నాలుగోరోజున 'సన్' పత్రిక తాగినవాళ్లు శవాల జేబులు కొట్టారని మొదటి పేజీలో రాసింది. లివర్‌పూల్‌లో ఆ పత్రికను అమ్మని దుకాణాలు ఈనాటికీ ఎన్నో. న్యాయమూర్తి టేలర్ ఆ ఆగస్టులోనే ప్రధాన కారణం పోలీసు నియంత్రణ వైఫల్యమని నివేదిక ఇచ్చినా, 1991లో జ్యూరీ 'ప్రమాదవశాత్తు మరణం' అని తీర్పు చెప్పింది.

ఇక్కడే మన శాఖ పని మొదలవుతుంది. పోలీసులు ఆరోజు చూసింది తమ నోట్‌బుక్కుల్లో రాయాలి కదా. వద్దు, తెల్లకాగితాల మీద రాసివ్వండి అన్నారు. నోట్‌బుక్కుకు పేజీ నంబరుంటుంది, తెల్లకాగితానికి ఉండదు. ఆ భేదం ఈ హాల్లో ఉన్నవారికి నేను విప్పిచెప్పాలా? కొట్టివేసినచోట ఇనీషియల్ లేకపోతే సూపరింటెండెంటు కాగితం మొహాన కొట్టే ఆఫీసుల్లో పనిచేసినవాళ్లం. వచ్చిన టప్పాలు రిజిస్టరులో ఎక్కనిదే కాగితం కదలదు. అక్కడ వాంగ్మూలాలు లాయర్ల దగ్గరికి, పై అధికారుల దగ్గరికి వెళ్లి, దిద్దించుకుని వచ్చాయి.

కానీ మొదటి ప్రతులు చింపేయలేదు. అదే ఆ కుటుంబాలను కాపాడింది. మన లెక్కలో వాటికి ఆర్.డిస్. వేసి శాశ్వత రికార్డులో పెట్టినట్టయింది. లివర్‌పూల్ బిషప్ అధ్యక్షతన ఏర్పడిన స్వతంత్ర సంఘం నాలుగున్నర లక్షల పేజీలు తిరగేసి 2012 సెప్టెంబరు 12న నివేదిక ఇచ్చింది. 164 వాంగ్మూలాలను గట్టిగా మార్చారు, వాటిలో 116 పోలీసులకు వ్యతిరేకంగా ఉన్న మాటలు తీసేయడానికో మార్చడానికో మార్చారు అని తేల్చింది. సరైన వైద్యం అందితే 41 మంది దాకా బతికే అవకాశం ఉండేదని కూడా చెప్పింది. పాత తీర్పును డిసెంబరులో హైకోర్టు కొట్టేసింది. కొత్త విచారణ రెండేళ్లు నడిచి 2016 ఏప్రిల్ 26న ముగిసింది. చట్టవిరుద్ధంగా చంపబడ్డారని, అభిమానుల తప్పు ఏమీ లేదని జ్యూరీ చెప్పింది.

ఇరవైఏడేళ్లు! ఆన్ విలియమ్స్ అనే తల్లికి పదిహేనేళ్ల కొడుకు పోయాడు. ఒక పోలీసమ్మాయి, ఆ అబ్బాయి నాలుగు గంటల ప్రాంతంలో 'అమ్మా' అన్నాడని మొదటి వాంగ్మూలంలో రాసింది. మూడుంపావుకే అందరూ పోయారన్నది అధికారుల వాదం. ఆ ఒక్క కాగితం పట్టుకుని ఆ తల్లి ఎన్ని అర్జీలు పెట్టిందో, ఎన్ని తిరస్కరించారో. పాత తీర్పు కొట్టేయడం ఆమె కళ్లారా చూసింది. 2013 ఏప్రిల్‌లో కాన్సరుతో పోయింది, కొత్త తీర్పు వినలేదు. 1982లో ఇదే తేదీన నకారా గారి కేసులో వచ్చిన తీర్పును ఏటా తలుచుకుని పండగ చేసుకుంటున్న మనకు, కాగితం పట్టుకుని మెట్లెక్కడమంటే ఏమిటో తెలుసు.

అక్కడినుంచి స్టాన్లీ పార్కు గుండా గుడిసన్ వైపు నడిచాం. మైలు కూడా ఉండదు. ప్రమాదం జరిగిన వారానికి, ఎవర్టన్, లివర్‌పూల్ అభిమానులు తమ మెడపట్టీలను ముడివేసుకుంటూ ఒక మైదానం నుంచి మరో మైదానం దాకా ఈ పార్కు మీదుగా కట్టారట. నీలం, ఎరుపు కలిపి. నెల తర్వాత ఆ రెండు జట్లే లండన్‌లో ఫైనల్ ఆడాయి. మార్స్‌డెన్ ముందుండి పాడితే రెండు వైపులా అందుకున్నారు. మేం చూసిననాటికి ఎవర్టన్ ఇంకా గుడిసన్‌లోనే ఆడేది. 2025లో పురుషుల జట్టు రేవు దగ్గర కట్టిన కొత్త స్టేడియానికి మారింది. పాతదాన్ని మహిళల జట్టుకు ఇచ్చారు.

సాయంత్రం లైమ్ స్ట్రీట్ ఎదుట సెయింట్ జార్జ్ హాల్ మెట్లమీద కాసేపు కూర్చుని, తెచ్చుకున్న పులిహోర తిన్నాం. 2016లో తీర్పు వచ్చిన మర్నాడు వేలమంది చేరి మృతుల పేర్లు తలుచుకుని, అదే పాట పాడింది ఆ మెట్ల దగ్గరే.

రైలెక్కాక మనవడు అడిగాడు. "తాతయ్యా, కాగితాలు మార్చినవాళ్లకు శిక్ష పడిందా?"

పడలేదని చెప్పాను. ముగ్గురి మీద కేసు పెట్టారు, ముగ్గురూ రిటైరైనవాళ్లే. 2021 మేలో జడ్జి కేసు నిలవదన్నారు. ఆ వాంగ్మూలాలు ఇచ్చింది ప్రభుత్వ విచారణ సంఘానికి, కోర్టుకు కాదు కనుక న్యాయానికి అడ్డుపడిన నేరం కిందికి రాదన్నారు.

"అంటే సంఘానికి అబద్ధం ఇవ్వచ్చా?" అన్నాడు.

నా దగ్గర జవాబు లేదు. 2025 సెప్టెంబరులో వాడే ఫోన్ చేశాడు. విచారణల్లో ప్రభుత్వోద్యోగులు నిజం దాచకూడదనే బిల్లును అక్కడి పార్లమెంటులో ప్రవేశపెట్టారని, దానికి జనం హిల్స్‌బరో చట్టం అని పేరు పెట్టుకున్నారని చెప్పాడు. సెక్షన్లు ఏమిటో చదివి పంపమన్నాను.

కార్యదర్శిగారు గడియారం చూపిస్తున్నారు. సెలవు.