బిల్లుకు టోకెన్ పడిన తరువాత

 

వరంగల్ కొత్తవాడ మగ్గాలకు పేరు తెచ్చిన జంపఖానాలకు 2018లో భౌగోళిక గుర్తింపు దక్కింది గాని, ఆ గుర్తింపు నేతగాని కూలిని సమయానికి ఇప్పించలేదు. సహకార సంఘం ప్రభుత్వ వసతిగృహాలకు జంపఖానాలు అప్పగించినా, గుత్తేదారు ఊరి కాలువపై కల్వర్టు కట్టినా, ఖజానాలో బిల్లు అందినట్టు దానికి టోకెన్ సంఖ్య పడి, సొమ్ము రాకుండా నెలలు గడిచిపోతే, ఆ భారమంతా అప్పు చేసి నూలు కొన్నవారి మీద, కూలీలకు వారం వారం చెల్లించినవారి మీద పడుతుంది. జీఎస్టీ కట్టడం ఆలస్యమైతే 18 శాతం వడ్డీ రాబట్టే ప్రభుత్వం, తన బాకీ దగ్గరికి వచ్చేసరికి నిధులు లేవని చేతులు దులుపుకోవడం విడ్డూరమే.

రాజ్యాంగం 300వ అధికరణం ప్రకారం రాష్ట్రంపై దావా వేయవచ్చు. 299వ అధికరణం ప్రకారం రాష్ట్ర ప్రభుత్వ ఒప్పందం గవర్నరు పేరిట, అధికారం పొందిన అధికారి సంతకంతో కుదరాలి. ఆ లాంఛనం జరగకుండా నోటిమాట మీద పని చేసినవారి గతేమిటన్న ప్రశ్నకు బి.కె. మండల్ కేసులో సుప్రీంకోర్టు 1961లో జవాబిచ్చింది. 1944లో బెంగాల్ పౌర సరఫరాల శాఖకు గోదాముల వంటి కట్టడాలు కట్టిన సంస్థకు చెల్లుబాటయ్యే ఒప్పందం లేకపోయినా, ఉచితంగా చేయాలన్న ఉద్దేశం లేకుండా చేసిన పని ఫలాన్ని అనుభవించినవారు ప్రతిఫలం ఇవ్వాలని చెప్పే 1872 నాటి కాంట్రాక్టు చట్టం 70వ సెక్షన్ ఆధారంగా సొమ్ము దక్కింది.

కోర్టు మెట్లెక్కే దారులు ప్రధానంగా రెండు. మొదటిది సివిల్ దావా: సాధారణంగా రెండు నెలల ముందు నోటీసు ఇవ్వాలి, గడువు మూడేళ్లు. వినతిపత్రాలు ఎన్ని ఇచ్చినా ఈ గడువు పెరగదు; గడువు తీరకముందే బాకీని ఒప్పుకుంటూ అధికారి సంతకంతో లేఖ ఇస్తే మాత్రం లెక్క మళ్లీ మొదలవుతుంది. రెండవది 226వ అధికరణం కింద హైకోర్టులో వేసే రిట్ పిటిషన్, అంటే ప్రభుత్వం తన విధిని నెరవేర్చేలా ఆదేశించమని కోరడం. ఒప్పందానికి సంబంధించిన వివాదమన్నంత మాత్రాన రిట్‌కు తలుపులు మూసుకుపోవని 2003లో ఏబీఎల్ ఇంటర్నేషనల్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. అయితే సొమ్ము ఎంతన్నదే తగాదా అయితే, సాక్ష్యాలు విచారించే సివిల్ కోర్టుకో, మధ్యవర్తిత్వానికో వెళ్లమని హైకోర్టు పంపివేయవచ్చు.

అందువల్ల కేసు బలం ఎక్కువగా ఎం-బుక్‌లో, అంటే పని కొలతలు నమోదు చేసే పుస్తకంలో ఉంటుంది. అసిస్టెంట్ ఇంజనీరు పొడవు, వెడల్పు, లోతు రాసి సంతకం చేసి, పై ఇంజనీరు సరిచూసిన పేజీ ఉంటే బాకీ కాదనడం ప్రభుత్వానికి కష్టం. నోటిమాటగా చేయించిన అదనపు పని ఆ పేజీలోకి ఎక్కకపోతే గుత్తేదారుకు మిగిలేది వాదన మాత్రమే. ఇంజనీరుగా ఆ పేజీ రాసేవారూ, న్యాయవాదిగా దాన్ని పిటిషన్‌కు జతచేసేవారూ ఈ సభలో నేడు పట్టాలు అందుకుంటున్న న్యాయశాస్త్ర, ఇంజనీరింగ్ విద్యార్థుల్లోనే ఉన్నారు.

ఆంధ్రప్రదేశ్‌లో 2019 వరకు ఉన్న ప్రభుత్వ కాలపు ఉపాధి హామీ పనుల బిల్లులను విజిలెన్స్ విచారణ పేరిట ఆపిన వ్యవహారంలో, 20 శాతం కోత పెట్టే ఉత్తర్వులను కొట్టివేసిన హైకోర్టు, నాలుగు వారాల్లో 12 శాతం వడ్డీతో చెల్లించాలని 2021 అక్టోబరులో ఆదేశించింది. అయినా తీర్పు వెలువడగానే డబ్బు చేతికి రాలేదు. కోర్టు ధిక్కార పిటిషన్ల వరకూ వెళ్లవలసి వచ్చింది. సివిల్ డిక్రీ పరిస్థితీ అంతే: మూడు నెలలపాటు చెల్లింపు జరగకపోతే తప్ప ప్రభుత్వంపై డిక్రీ అమలుకు కదలికే ఉండదు.

చేనేత సంఘాల వంటి సరఫరాదారులకు ఇంతకంటె పదునైన సాధనం ఉంది, అది చాలామందికి తెలియకపోవడమే విచారకరం. 2006 నాటి సూక్ష్మ, చిన్న, మధ్యతరహా పరిశ్రమల చట్టం ప్రకారం, సరుకు అందుకున్నవారు 45 రోజులు మించకుండా చెల్లించాలి. ఆలస్యమైతే రిజర్వు బ్యాంకు రేటుకు మూడు రెట్ల చక్రవడ్డీ పడుతుంది. చిన్న పరిశ్రమల సరుకు అమ్మే సహకార సంఘాన్నీ ఈ చట్టం సరఫరాదారుగా లెక్కిస్తుంది. కట్టడం పనుల గుత్తేదార్లకు ఇది వర్తిస్తుందా అన్నది కోర్టుల్లో వివాదమైంది గాని, జంపఖానా నిస్సందేహంగా సరుకే. ఈ చట్టం కింద ఏర్పడిన ఫెసిలిటేషన్ కౌన్సిల్ ఇచ్చిన అవార్డును, అంటే తీర్పును, సవాలు చేయదలచిన కొనుగోలుదారు, అది ప్రభుత్వ శాఖే అయినా, ముందుగా 75 శాతం సొమ్ము కోర్టులో జమ చేయాలి.