ఒకే పేరు - ఇద్దరు మనుషులు

(కరీంనగర్, ఆదిలాబాద్ ప్రాంతాల పాల ఉత్పత్తిదారుల సంఘాల కార్యదర్శుల శిక్షణ తరగతిలో ఒక సహకార ఇన్‌స్పెక్టరు చేసిన ప్రసంగ పాఠం)



ఈ రోజు మాకు అప్పగించిన అంశము ‘సభ్యుల రిజిస్టరు నిర్వహణ’. ఈ మాట వినగానే ముందు వరుసలోని ఇద్దరు ముగ్గురు కార్యదర్శులు గోడ గడియారం వైపు చూశారు. మేము గమనించాము. అందుచేత రూల్సు చదవకుండా, ఒకే పేరుగల మనుషుల గురించి మాట్లాడదలిచాము.

మన ప్రాంతములో పేర్లు ఎక్కడి నుంచి వస్తాయో మీకు తెలియనిది కాదు. వేములవాడ రాజన్నకు మొక్కుకుంటే పుట్టిన బిడ్డ రాజయ్య, రాజేశం, రాజవ్వ. కొమురవెల్లి మల్లన్నకు మొక్కుకుంటే మల్లయ్య, మల్లేశం, మల్లవ్వ. కొండగట్టు అంజన్న పేరున అంజయ్య. ధర్మపురి నర్సింహస్వామి పేరున నర్సయ్య. ఒకే తల్లి కడుపున పుట్టినవారికి కూడా ఒకటే పేరు పెట్టి పెద్ద రాజయ్య, నడిపి రాజయ్య, చిన్న రాజయ్య అని పిలుచుకున్న ఇండ్లు ఎన్నో ఉన్నవి. ఊరిలో దీనితో ఇబ్బంది లేదు. మనిషి ఎదుట ఉంటాడు, ముఖం తెలుసు. చిక్కంతా కాగితం మీదనే. రాసేవారు తొందరలో ‘పెద్ద’, ‘నడిపి’ తీసివేస్తారు. అప్పుడు అన్నదమ్ములు ముగ్గురూ కాగితములో ఒక్కరే అవుతారు.

ఇంటిపేరు ఉన్నది గదా అని మీరు అనవచ్చు. ఆదిలాబాద్ వైపు గూడేలకు పోయి చూడండి. ఆత్రం, మడావి, కుమ్రం, సిడాం, మెస్రం - ఇవి గోండు సోదరుల ఇంటిపేర్లు. కొన్ని గూడేలలో చాలా ఇండ్లకు ఒకటే ఇంటిపేరు. అక్కడ ఇంటిపేరుతో మనిషిని గుర్తుపట్టలేము. దీనికి తోడు 2016 అక్టోబరు 11న జిల్లాలు విడిపోయినవి. పాత కరీంనగర్ నుంచి జగిత్యాల, పెద్దపల్లి, రాజన్న సిరిసిల్ల. పాత ఆదిలాబాద్ నుంచి నిర్మల్, మంచిర్యాల, కుమురం భీం ఆసిఫాబాద్ ఏర్పడినవి. మనిషి అదే ఇంట్లో ఉన్నాడు. కాని వాటా పత్రములో ఒక జిల్లా, ఆధార్ కార్డులో ఒక జిల్లా. ఒకే పేరుతో ఇద్దరు ఉంటే ఒక్కరనుకుంటున్నాము. ఒక్కరికే రెండు చిరునామాలు ఉంటే ఇద్దరనుకుంటున్నాము.

ఇది మన పల్లెల జబ్బు మాత్రమే అని చిన్నబుచ్చుకోనవసరము లేదు. మీరు రోజూ వాడే పరికరముతోనే దేశాంతరము పోయి చూద్దాము.

వెన్న శాతం చూసే బ్యుటిరోమీటరు మీ అందరికీ తెలుసు. ఎలక్ట్రానిక్ యంత్రాలు వచ్చిన తరువాత చాలా కేంద్రాలలో అది అలమారలోకి పోయింది గాని, తగాదా వస్తే మళ్లీ దానినే బయటికి తీస్తాము. 10 మిల్లీలీటర్ల గంధకామ్లము, 10.75 మిల్లీలీటర్ల పాలు, 1 మిల్లీలీటరు అమైల్ ఆల్కహాలు పోసి తిప్పితే వెన్న పైకి తేలి గొట్టములో నిలుస్తుంది. దీనిని గెర్బర్ పద్ధతి అంటాము. ఈ గెర్బర్ ఎవరు? స్విట్జర్లాండుకు చెందిన నిక్లౌస్ గెర్బర్. 1891లో ఈ పద్ధతికి పేటెంటు పొందినాడు. అదే స్విట్జర్లాండులో థూన్ అనే ఊరిలో 1911 ప్రాంతములో ఫ్రిట్జ్ స్టెట్లర్‌తో కలిసి ప్రాసెస్డ్ చీజు తయారుచేసిన గెర్బర్ ఒకరున్నారు. ఆయన వాల్టర్ గెర్బర్. అమెరికాలో 1928లో పసిపిల్లల ఆహారము డబ్బాలలో అమ్మిన గెర్బర్ కంపెనీ ఇంకొకటి. ముగ్గురూ తిండి పదార్థాల వ్యాపారానికి సంబంధించినవారే, పేరు ఒకటే. ఏ పాత రికార్డులోనో ‘గెర్బర్’ అని ఒక్క మాట చూసి ఒకరి పని మరొకరికి అంటగట్టడం ఎంత సులభమో చూడండి. జర్మను భాషలో గెర్బర్ అంటే తోళ్లు శుద్ధిచేసే పనివాడు. వృత్తి నుంచి వచ్చిన పేరు కాబట్టి అక్కడ ఊరికి ఒక గెర్బర్ ఉంటాడు, మనకు ఊరికి ఒక రాజయ్య ఉన్నట్లు.

ఇంకొక జత చెబుతాము. గెర్బర్ కంటే ఒక సంవత్సరము ముందు, 1890లో, అమెరికాలోని విస్కాన్సిన్ విశ్వవిద్యాలయములో స్టీఫెన్ బాబ్‌కాక్ అనే రసాయన శాస్త్రజ్ఞుడు వెన్న పరీక్షకు మరొక పద్ధతి కనిపెట్టినాడు. దానికి పేటెంటు తీసుకోలేదు. రైతులందరూ వాడుకోండని విడిచిపెట్టినాడు. నీళ్లు కలిపినవాడికీ కలపనివాడికీ ఒకే ధర దక్కే అన్యాయము ఆ పరీక్షలతోనే తగ్గింది. అయితే పేటెంటు పుస్తకాలలో వెదికితే బాబ్‌కాక్ పేరు కనిపిస్తుంది! 1867లో ఆవిరి బాయిలరుకు పేటెంటు పొందిన బాబ్‌కాక్, విల్‌కాక్స్ జోడీలో ఆయన జార్జి బాబ్‌కాక్. వేరే మనిషి. ఆయన తోటివాడి పేరు స్టీఫెన్ విల్‌కాక్స్. అంటే స్టీఫెన్ ఒకచోట, బాబ్‌కాక్ ఒకచోట, రెండూ కలిసి ఇంకొకచోట. పేరు మాత్రమే చూసి రాసేవారు, ఉచితముగా ఇచ్చిన పెద్దమనిషిని పేటెంటు వ్యాపారిగా రాసివేయగలరు.

మన తెలంగాణకు వద్దాము. ఆలేరుకు చెందిన చింతకింది మల్లేశం గారి సంగతి మీరెరుగుదురు. పోచంపల్లి చీరకు ఆసు పోయడానికి తల్లి చేయి వేల సార్లు అటూ ఇటూ తిరిగి భుజము నొప్పి పుట్టడం చూసి, ఏండ్ల తరబడి కష్టపడి 1999లో ఆసు యంత్రము తయారుచేసినారు. దానికి పేటెంటు వచ్చింది. 2017లో పద్మశ్రీ ఇచ్చినారు. 2019లో ఆయన మీద సినిమా కూడా వచ్చింది, పేరు ‘మల్లేశం’. యంత్రానికి తల్లి పేరు లక్ష్మి అని పెట్టుకున్నారు. ఇప్పుడు మీ రిజిస్టర్లు తీయండి. మల్లేశములు ఎందరు? లక్ష్ములు ఎందరు? వారిలో ఎవరు ఎవరో తేల్చేది ఇంటిపేరు, ఊరు, పేటెంటు నంబరు. పేటెంటు దరఖాస్తులో పేరుతోపాటు చిరునామా, జాతీయత రాయవలసిందే. ప్రతి పేటెంటుకూ ఒక నంబరు ఉంటుంది. అయినా ఒకే పేరుగల ఇద్దరు ఇంజనీర్ల పనులు కలిసిపోవడం మానలేదు. అమెరికా పేటెంట్ల సమాచారములో ఏ పేరు ఏ మనిషిదో విడదీయడానికి ప్రత్యేక లెక్కలే కట్టవలసి వచ్చింది. పరిశోధన వ్యాసాలు రాసేవారికి 2012 నుంచి ఆర్కిడ్ అనే 16 అంకెల నంబరు ఇస్తున్నారు. చదువుకున్నవారికే ఈ అవస్థ తప్పలేదు.

ఇక మా సొంత అనుభవము చెబుతాము. సంఘము పేరు, మనుషుల పేర్లు వద్దు.

ఒక సంఘములో 34వ నంబరు సభ్యుడు, 43వ నంబరు సభ్యుడు అన్నదమ్ముల కొడుకులు. ఇద్దరి పేరూ ఒకటే. వారి తండ్రులు పెద్దాయన, చిన్నాయన, వారి పేరూ ఒకటే. అంటే తండ్రి పేరు రాసినా ప్రయోజనము లేదు. ఆ కేంద్రములో యంత్రము చెడిపోయిన కొన్ని నెలలు కార్యదర్శి చేతి రాతతో లెక్క నడిపినాడు. పేరు రాసినాడు, నంబరు రాయలేదు. పాల డబ్బులు మనిషిని చూసి చేతికే ఇచ్చినాడు కాబట్టి అప్పుడు తేడా రాలేదు. తరువాత ఆ లెక్కలను కంప్యూటరుకు ఎక్కించినప్పుడు, ఆ పేరుగల పాలన్నీ 34వ నంబరు కిందనే పడినవి. కంప్యూటరుకు ముఖాలు తెలియవు గదా. సంవత్సరాంతములో ఇద్దరి బోనసూ 34వ నంబరు ఖాతాకు పోయింది.

తనిఖీకి పోయినది మేమే. మొత్తము పాలు సరిపోయినవి, మొత్తము డబ్బు సరిపోయింది, సంతకము చేసి వచ్చినాము. మొత్తము సరిపోతే మనుషులు కూడా సరిపోయినట్లేనని అనుకున్నాము. ఆ తప్పు మాది.

కొన్నాళ్లకు 43వ నంబరు ఆయన మా దగ్గరికి వచ్చినాడు. “సారూ, నా పేరు మీద పైసలు పడ్డయని కాగితం చూపిస్తున్నరు. నా బుక్కుల ఒక్క రూపాయి లేదు. పేరు నాదే, పైసలు ఎవరివి?” అన్నాడు. అప్పటికే ఊరిలో మాట పెరిగింది. 34వ నంబరు ఆయనను గద్దె దగ్గర నలుగురిలో దొంగ అన్నారు. ఆయన “సంఘం ఇచ్చింది, తీసుకున్న. లెక్క నాకెట్ల తెలుస్తది? బిడ్డ ఫీజు కట్టిన” అన్నాడు. ఆ మాటలో అబద్ధము లేదు.

మేము చేతి రాత పుస్తకాలు ముందు వేసుకుని కూర్చున్నాము. పేరు ఒకటే, చేతి రాత ఒకటే. ఏ వరుస ఎవరిదో ఎట్లా తేలుతుంది? అప్పుడు వెన్న శాతం గడి మీద కన్ను పడింది. ఒక వరుసలో రోజూ 4కు అటు ఇటుగా, ఇంకొక వరుసలో 7కు అటు ఇటుగా. 34వ నంబరు ఇంట్లో ఆవులు, 43వ నంబరు ఇంట్లో బర్రెలు. పేరు ఒకటే అయినా పాలు ఒకటి కావు. వరుసలన్నీ విడదీసి, ఇద్దరినీ ఎదుట కూర్చోబెట్టి చదివి వినిపించినాము. ఇద్దరూ ఒప్పుకున్నారు. ఎక్కువ పడిన సొమ్ము పాల బిల్లులో కొంచెము కొంచెము కోసి ఇవ్వడానికి 34వ నంబరు ఆయన తానే అంగీకార పత్రము రాసి ఇచ్చినాడు.

డబ్బు తిరిగి వచ్చింది. కాని ఆ సంవత్సరము ఒకరి ఇంట్లో పెండ్లికి ఇంకొకరు పోలేదు. నలుగురిలో అన్న మాటను ఏ రిజిస్టరులో సవరించగలము? ఆ తరువాత మేము ఏ సంఘానికి పోయినా మొత్తము కూడిక కంటే ముందు ఒకే పేరుగల సభ్యులను చూస్తున్నాము.

అందుచేత మీకు మా మనవులు ఇవి.

1. ఎక్కడ పేరు రాసినా ముందు సభ్యత్వ నంబరు రాయండి. యంత్రము చెడిపోయిన రోజు ఇది మరీ ముఖ్యము. మీ బర్రె చెవికి వేసిన పసుపు బిళ్ల మీద 12 అంకెలు ఉన్నవి, ఆ నంబరు ఇంకొక బర్రెకు ఉండదు. బర్రెకు ఇచ్చిన మర్యాద దాని యజమానికీ ఇద్దాము.

2. ఇంటిపేరు, తండ్రి లేక భర్త పేరు, ఊరు, వాడకట్టు రాయండి. వీటితోపాటు ఊరిలో పిలిచే పేరు కూడా ఒక గడిలో రాయండి. ‘పెద్ద’, ‘నడిపి’, ‘చిన్న’ అనేవి పేరులో భాగమే, కొట్టివేయకండి. ఎగతాళి పేర్లు మాత్రము రాయవద్దు.

3. మహిళా సభ్యుల విషయములో జాగ్రత్త. ఒక కాగితములో పుట్టింటి పేరు, ఒక కాగితములో అత్తింటి పేరు ఉంటుంది. రెండూ ఆమెవేనని పాలకవర్గము తీర్మానములో రాసి ఉంచండి.

4. బ్యాంకు ఖాతా నంబరును సభ్యుని నోటి మాటతో రాయవద్దు. పాస్‌బుక్కు మొదటి పేజీ నకలు తీసుకుని, సభ్యుని ఎదుటనే సరిచూడండి.

5. సభ్యుడు చనిపోతే ఆ నంబరును ఇంకొకరికి ఇవ్వకండి. తాత పేరు మనుమడికి పెట్టడం మన ఆచారము. తాత నంబరు కూడా మనుమడికి ఇస్తే, పదేండ్ల తరువాత ఎవరు పోసిన పాలో ఎవరూ చెప్పలేరు. వాటా బదిలీ నామినీ ప్రకారము వేరుగా జరగాలి.

6. ఏటా మహాజన సభకు ముందు ఒకే పేరుగల సభ్యుల జాబితా తయారుచేసి, వారిని పిలిచి వాటాలు, బోనసు, రుణము, బీమా నలుగురి ఎదుట చదివి వినిపించండి. ఒక గంట పని. ఇంత చిన్న పనికి ఎన్ని తగాదాలు ఆగుతాయో ఆలోచించండి.

చివరిగా ఒక మాట. మన సభ్యులలోనూ యంత్రాలు తయారుచేయగలవారు ఉన్నారు. గడ్డి కోసే యంత్రానికి ఒకరు, పాలు పితికే పనికి ఒకరు ఏదో ఉపాయము చేస్తూనే ఉంటారు. అటువంటిది కనిపిస్తే ముందే పదిమందికి ప్రదర్శన పెట్టకండి. దరఖాస్తుకు ముందే బయటపెడితే కొత్తదనము పోయిందని పేటెంటుకు అడ్డు రావచ్చు. అహమ్మదాబాదు వద్ద 2000లో ఏర్పడిన నేషనల్ ఇన్నోవేషన్ ఫౌండేషన్ ఇటువంటి గ్రామీణ ఆవిష్కర్తలకు సాయము చేస్తున్నది. వారికి రాసేటప్పుడు తేదీ, బొమ్మ, చేసినవారి పూర్తి పేరు, ఊరు, సభ్యత్వ నంబరు రాసి పంపండి. ఊరిలో ఆ పేరుగలవారు నలుగురు ఉండవచ్చు. ఆ పని చేసిన చేతులు మాత్రము ఒక్కరివే. ఆ ఒక్కరెవరో తెలిసేటట్లు రాయడమే మన ఉద్యోగము.

 భోజనము తరువాత మీ మీ రిజిస్టర్లు తీసుకుని రండి, కలిసి కూర్చుని చూద్దాము.