గిద్దలూరు సీమలో పల్లె చర్చీలు

నంద్యాల నుండి రైలులో తూర్పుగా బయలుదేరినవారు నల్లమల కనుమలను దాటి గిద్దలూరు చేరుదురు. అచ్చటి నుండి కంభము మీదుగా మార్కాపురము పోవు దారిలో, ఊళ్లకు కొంత ఎడముగా నుండు పేటలలో చిన్న చిన్న క్రైస్తవ దేవాలయములు కనబడును. దూరము నుండి చూచినచో అన్నియు నొక్క తీరుగనే తోచును: నాలుగు గోడలు, ఒక కప్పు, ఒక శిలువ, ఒక గంట. లోపల అడుగిడినప్పుడు గాని వాని భేదము తెలియదు. ఆ భేదమును, దాని వెనుక నున్న చరిత్రను నేటి ప్రసంగమున మనవి చేయుదును.

1970లో నేటి ప్రకాశము జిల్లా ఏర్పడువరకు గిద్దలూరు, మార్కాపురము ప్రాంతములు కర్నూలు జిల్లాలోనివి. ఈ సీమకు రెండు వేరువేరు మిషనులు వచ్చినవి. 1701లో లండనులో స్థాపితమైన సువార్త వ్యాప్తి సంఘము ఇంగ్లండు దేశపు ఆంగ్లికన్ చర్చికి చెందినది, ఎస్.పి.జి. అను పొడి అక్షరములతోనే జనులు దానిని ఎరుగుదురు. 1850వ దశకమున జాన్ క్లే అను పాదిరి ముత్యాలపాడు కేంద్రముగా ఆ సంఘపు పని సాగించెను. క్రమముగా అది కలసపాడు, నంద్యాల, గిద్దలూరు వైపులకు వ్యాపించినది. కంభము, మార్కాపురము వైపున అమెరికను బాప్టిస్టుల పని బలపడినది. కావున ఒక్క నల్లమల నీడలోనే రెండు సంప్రదాయముల దేవాలయములు వెలసినవి.

బాప్టిస్టులు పెద్దలైనవారికే, నీటిలో పూర్తిగా ముంచి బాప్తిస్మ మిత్తురు. వారికి ఏరో, చెరువో, తొట్టియో కావలెను. ఆంగ్లికనులు శిశువులకు గూడ జ్ఞానస్నానము చేయింతురు. వారికి రాతితో మలచిన చిన్న తొట్టి చాలును. దానిని సాధారణముగా పడమటి వాకిటి చెంతనే నిలుపుదురు. సంఘములో ప్రవేశించుటకు జ్ఞానస్నానమే ద్వారమని దాని భావము. వాకిటి నుండి తూర్పుగా సాగినచో జనులు కూర్చుండు పొడవైన సాల, దాని చివర ఒకటి రెండు మెట్ల యెత్తున ప్రభుభోజనపు బల్ల యుండును. బాప్టిస్టు మందిరమున చూపు ప్రసంగ పీఠముపై నిలుచును. ఆంగ్లికన్ దేవాలయమున ఈ బల్లపై నిలుచును. ప్రసంగ పీఠము పక్కకు ఒదిగి యుండును. కట్టడపు పొందికయే సంఘపు విశ్వాసమును చెప్పుచున్నదన్నమాట.

అయితే ఇవన్నియు మొదటనే రాతి కట్టడములు కావు. పల్లెలో సంఘము పుట్టిన తొలినాళ్లలో దేవాలయమును బడియు ఒక్కటే: మట్టి గోడలు, గడ్డి కప్పు. పగలు అందులో ఉపదేశి పిల్లలకు అక్షరములు దిద్దించెడివాడు. సందెవేళ అదే చోట పెద్దలకు ప్రార్థనలు నేర్పెడివాడు. చేతిలో కొంత సమకూరిన పిదప రాయి, సున్నము వచ్చినవి. గానుగ పట్టిన సున్నము, కరక్కాయ నీరు, బెల్లపు నీరు మన తాపీపనివారికి పూర్వము నుండి తెలిసిన సరంజామాయే. కోసు కమాను కిటికీ విదేశపు ఊహ కావచ్చును గాని, దానిని నిలిపిన చేయి ఈ నేలది.

ఆ కూలినాలి కుటుంబములకు రాతి దేవాలయ మేల కావలసి వచ్చెను? ఆనాడు మాల, మాదిగ కుటుంబములకు ఊరి గుడిలో ప్రవేశము లేదు. మద్రాసు రాష్ట్రమున అన్ని కులములవారికి ఆలయ ప్రవేశపు హక్కునిచ్చు చట్టము 1947లో గాని రాలేదు. అట్టివారికి తలయెత్తి ప్రవేశించుటకు తమదియని చెప్పుకొను వాకిలి ఏర్పడుట సామాన్యమైన సంగతి కాదు. బల్ల ముందర అందరును ఒక్క వరుసలో మోకాళ్లూని ఒకే పాత్రనుండి ద్రాక్షారసము పుచ్చుకొనవలెను. కులభేదము చర్చిలో వెంటనే సమసిపోయినదని చెప్పుట సత్యము కాదు. ఆ ఒక్క పాత్రయే దానికి ఎదురు ప్రశ్నగా నిలిచినది.

కట్టడము ఏ దేశపు రూపున నుండవలెనను ప్రశ్నకు బదులు గోదావరి ఆవలి నుండి గాక, తెలంగాణమునందలి దోర్నకల్లు నుండి వచ్చినది. తిరునల్వేలి ప్రాంతపు పల్లె పాదిరి కుమారుడైన వేదనాయగం శామ్యూల్ అజరయ్య 1912 డిసెంబరు 29న కలకత్తాలో బిషపుగా అభిషిక్తుడయ్యెను. ఆంగ్లికన్ చర్చిలో ఆ పదవి నందిన తొలి భారతీయు డాయనయే. 1920 తరువాత ఎస్.పి.జి. తెలుగు సంఘములు గూడ ఆయన దోర్నకల్లు అధ్యక్ష మండలమున చేరినవి. 1939 జనవరి 6న ప్రతిష్ఠ జరిగిన దోర్నకల్లు దేవాలయములో మసీదులను తలపించు గుమ్మటములు, హిందూ దేవాలయ మండపములను తలపించు స్తంభములు కలిసియున్నవి. క్రైస్తవుడగుటకు పరదేశి కానక్కరలేదని ఆయన రాతిలో చెప్పించెను.

1947లో దక్షిణ ఇండియా సంఘము ఏర్పడినప్పుడు నంద్యాల ప్రాంతపు ఆంగ్లికనులలో పెక్కుమంది అందు చేరక వేరుగా నిలిచిరి. 1970వ దశకములో గాని ఆ ఎడబాటు తీరలేదు. అన్ని మార్పులలోను పల్లె గంట మాత్రము ప్రతి ఆదివారమును మ్రోగుచునే యున్నది.

నేడు సంఘములు పెరుగుచున్నవి. పాత చర్చి చాలదని పడగొట్టి కాంక్రీటు మందిరములు కట్టు చోట్లు గలవు. పెరిగిన సంఘమునకు చోటు కావలసినదే. కాని పడగొట్టుటకు ముందు కొలతలు వ్రాసికొని, ఛాయాచిత్రములు తీసి, పునాది రాతిపైని అక్షరములను ఎత్తివ్రాసికొనుట కష్టము కాదు. నిలుపదలచినచో పాత సున్నపు గోడకు సిమెంటు పూయరాదు; లోని చెమ్మ వెలికి పోలేక గోడ లోలోననే చివుకును. సున్నపు గోడకు సున్నమే మందు. జ్ఞానస్నానపు తొట్టినైనను కొత్త మందిరమున నిలుపుకొనవలెను. ఊరిలో చోటులేని తాతముత్తాతలకు పేరు పెట్టి పిలిచి చోటిచ్చిన రాయి అది.